ఆకుల నూనెతో పాప్‌కార్న్: చేదు ఎందుకొస్తోంది, ఎందుకు మెత్తబడుతోంది?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇదీ. రోజ్‌మేరీ రెమ్మలు, వెల్లుల్లి రెబ్బలు వేసి నూనె కాచారు. అదే నూనెలో పాప్‌కార్న్ వేయిస్తే పొగ వచ్చి చేదెక్కింది, రోజ్‌మేరీ వాసన మాత్రం ఎక్కడా లేదు. రెండోసారి మామూలు నూనెలో వేయించి, ఆకుల నూనె పైన పోసి కలిపితే ఐదు నిమిషాల్లో మెత్తబడిపోయింది. మిగిలిన నూనెని రెమ్మలు, రెబ్బలతో సహా సీసాలో పోసి వంటగది అరలో పెట్టారు. అది ఎన్నాళ్లు నిలవుంటుందో కూడా చెప్పమన్నారు.

ముందు ఆఖరిదానికి జవాబు: ఆ సీసాలోది పారబోయండి. వాసన చూసి, నాలుక మీద చుక్క వేసుకుని తేల్చుకునే వ్యవహారం కాదిది. కారణం కింద వివరంగా రాశాను.

మిగతా రెండింటికీ కలిపి ఒకే జవాబు. గింజలు పేల్చడానికి ఒక నూనె, వాసనకి ఇంకో నూనె. పేల్చే నూనె ఏ వాసనా లేని రిఫైన్డ్ నూనె అయి ఉండాలి. ఆకుల నూనె స్టవ్ కట్టేశాక, పాప్‌కార్న్ వెడల్పాటి గిన్నెలోకి మారాక, చాలా కొద్దిగా, తడి అన్నదే లేకుండా పడాలి. మీరు రెండోసారి చేసిన పద్ధతి నిజానికి సరైనదే. నూనెలో నీరు ఉండిపోయింది, బహుశా కాస్త ఎక్కువ కూడా పోశారు. అంతే తేడా.

నేను ఎనిమిదేళ్లు ఒక చిన్న సినిమా హాల్లో తినుబండారాల కౌంటర్ నడిపాను. ఇంటర్వెల్ పదిహేను నిమిషాల్లో వందల పొట్లాలు వెళ్లేవి. కాబట్టి పాప్‌కార్న్ ఎన్ని రకాలుగా పాడవుతుందో అన్ని రకాలుగానూ పాడుచేసిన అనుభవం ఉంది. ఆకుల నూనెలు ఆ తర్వాత ఇంట్లో మొదలుపెట్టిన పిచ్చి.

చేదు సంగతి

పాప్‌కార్న్ గింజ లోపల సుమారు 14 శాతం నీరు ఉంటుంది. పైతొక్క గట్టిది, గాలి చొరనివ్వదు. గింజ వేడెక్కేకొద్దీ లోపలి నీరు ఆవిరవుతుంది, బయటికి పోవడానికి దారి ఉండదు. లోపలి వేడి 180 డిగ్రీల సెల్సియస్ దగ్గరికి వచ్చేసరికి పీడనం బయటి గాలి పీడనానికి తొమ్మిది రెట్ల దాకా పెరిగి తొక్క పగులుతుంది. అప్పటికే జావలా మెత్తబడి ఉన్న పిండిపదార్థం ఒక్కసారిగా ఉబ్బి, చల్లారి గట్టిపడుతుంది. మనం తినే తెల్లటి పువ్వు అదే.

గింజ లోపల 180 రావాలంటే గిన్నె అడుగున నూనె అంతకంటే వేడిగా, 200 దాటి ఉండక తప్పదు. రోజ్‌మేరీ ఆకుని నలిపితే వచ్చే ఘాటు, థైమ్‌లో ఉండే థైమాల్, ఇవన్నీ తేలిగ్గా ఆవిరై పోయే పదార్థాలు. అందుకే అవి మన ముక్కుదాకా వస్తాయి. 200 డిగ్రీల నూనెలో మూడు నాలుగు నిమిషాలు ఉంచితే వాటిలో చాలా భాగం ఆవిరితో పాటు మూత సందుల్లోంచి వెళ్లిపోతుంది. ఇల్లంతా రోజ్‌మేరీ గుబాళిస్తుంది, గిన్నెలో మాత్రం ఏమీ మిగలదు. వడకట్టినా నూనెలో మిగిలిపోయే ఆకు నలుసులు, వెల్లుల్లి తుంపులు ఆ వేడికి మాడతాయి. వెల్లుల్లి మాడితే ఎంత చేదో మీకు తెలిసే ఉంటుంది. పైగా మీరు వాడినది ఎక్స్‌ట్రా వర్జిన్ ఆలివ్ నూనె అన్నారు. అది ఇంచుమించు 190, 200 డిగ్రీల మధ్యే పొగ మొదలెడుతుంది. అంటే గింజలు పేలడం, నూనె పొగలెత్తడం ఒకే సమయానికి జరుగుతాయన్నమాట.

నేను కూడా మొదట ఇదే చేశాను. కౌంటర్‌లో ఒక శనివారం థైమ్ వేసి కాచిన నూనెని నేరుగా మెషిన్‌లో పోశాను, సగం దాకా బాగానే ఉంది అనిపించింది. రెండో వాయికి అడుగున నల్లటి జిడ్డు పొర కట్టింది. మూడో వాయి తిన్నవాళ్లు మొహం చిట్లించారు. ఆ పొర గీకడానికి ఆదివారం సగం పోయింది.

పేల్చే నూనెలో ఏమీ వేయకూడదా అంటే, ఉప్పు వేయొచ్చు, చిటికెడు పసుపు వేయొచ్చు. ఆ కాస్త సేపటికి అవి తట్టుకుంటాయి. పచ్చి ఆకు, ఎండు ఆకు, వెల్లుల్లి, మిరప్పొడి మాత్రం వద్దు. మిరప్పొడి అయితే దగ్గుతో మీరే ఇంట్లోంచి బయటికి పరిగెత్తాలి.

పేల్చడానికి రిఫైన్డ్ పొద్దుతిరుగుడు నూనె, రిఫైన్డ్ వేరుసెనగ నూనె, రిఫైన్డ్ కొబ్బరి నూనె, నెయ్యి, ఏదైనా సరే. నా ఓటు కొబ్బరి నూనెకి, చల్లారాక చేతికి జిడ్డు తక్కువ అంటుతుంది. రిఫైన్ చేయని కొబ్బరి నూనె త్వరగా పొగ వస్తుంది, అది వద్దు.

మెత్తబడటం సంగతి

పాప్‌కార్న్‌ని మెత్తబరిచేది నూనె కాదు, నీరు. దాదాపు అందరూ ఇక్కడే పొరబడతారు. పేలిన పువ్వు అంటే సన్నటి గోడలున్న గాలి గదుల గుంపు. ఆ గోడలు పొడిగా ఉన్నంతసేపే కరకరలాడతాయి. చుక్క నీరు తగిలితే ఆ చోట కుంగి, తోలులా సాగుతుంది. కరిగించిన వెన్న పోసినప్పుడు జరిగేదీ ఇదే. వెన్నలో ఇంచుమించు ఆరో వంతు నీరే ఉంటుంది. నెయ్యిలో నీరు ఉండదు కాబట్టి నెయ్యి పోస్తే ఆ ఇబ్బంది రాదు.

మీ నూనెలోకి నీరు ఎక్కడినుంచి వచ్చింది? పచ్చి రెమ్మలు కడిగి అలాగే వేశారేమో. ఒకవేళ బాగా తుడిచి వేసినా, ఆకు లోపలి నీరు ఉండనే ఉంటుంది. సన్న సెగ మీద రెండు నిమిషాలు వెచ్చబెట్టి దించేస్తే ఆ నీరు పూర్తిగా పోదు. పరీక్ష చాలా సులువు. చిన్న మూకుడు వేడిచేసి మీ ఆకుల నూనె సీసా అడుగు నుంచి ఒక చెంచాడు తీసి వేయండి. చిటపటలాడితే నీరుంది. చప్పుడు లేకుండా పరుచుకుంటే లేదు. అడుగు నుంచే తీయాలి, ఎందుకంటే నీరు నూనె కింద చేరుతుంది.

నీరు వచ్చే రెండో దారి ఎవరూ అనుమానించనిది, గింజలే. లెక్క వేయండి. 70 గ్రాముల గింజల్లో 14 శాతం నీరంటే దాదాపు 10 గ్రాములు, అంటే రెండు చిన్న చెంచాల నీరు. అవి పేలినప్పుడు అందులో చాలా మటుకు ఆవిరిగా బయటికొస్తుంది. మూత బిగించి ఉంటే ఆ ఆవిరి మూతకి పట్టి తిరిగి పాప్‌కార్న్ మీదే కారుతుంది. పేలడం జోరందుకోగానే మూత ఒక పక్క వేలెడు సందు ఉండేలా జరపండి. గింజలు ఎగిరి బయట పడతాయని భయముంటే మూత బదులు చిల్లుల జల్లెడ బోర్లించండి. నేనిప్పుడు ఇంట్లో అదే వాడుతున్నాను.

నూనె ఎలా కాచాలి

ఆకుల్ని నేను రెండు జాతులుగా చూస్తాను, గట్టివి, మెత్తవి. రోజ్‌మేరీ, థైమ్, సేజ్, బిర్యానీ ఆకు, కరివేపాకు గట్టివి. బేసిల్, పుదీనా, కొత్తిమీర, సోయికూర మెత్తవి. గట్టి ఆకులకి వేడి పనికొస్తుంది, మెత్తవాటికి వేడి ఎక్కువైతే వాసన చచ్చి ఉడికిన ఆకుకూర రుచి వస్తుంది.

గట్టి ఆకులకి నా పద్ధతి ఇది. రెమ్మలు కడిగి, బట్ట మీద పరిచి కనీసం రెండు గంటలు ఆరనివ్వండి. రాత్రి కడిగి పొద్దున వాడితే ఇంకా మంచిది. అర కప్పు, అంటే సుమారు 120 మిల్లీలీటర్ల నూనెకి నాలుగైదు వేలెడు పొడుగు రోజ్‌మేరీ రెమ్మలు చాలు. ఇక్కడ ఆలివ్ నూనె వాడుకోవచ్చు, ఎందుకంటే ఇది పెద్ద వేడికి వెళ్లదు. చిన్న గిన్నెలో నూనె పోసి, చల్లటి నూనెలోనే ఆకులు వేసి, సన్న సెగ మీద పెట్టండి. కాసేపటికి ఆకుల చుట్టూ బుడగలు మొదలవుతాయి. ఆ బుడగలు ఆకులోని నీరే. మంట పెంచకుండా, బుడగలు దాదాపు ఆగిపోయేదాకా ఆగండి. ఎనిమిది నుంచి పన్నెండు నిమిషాలు పడుతుంది. థర్మామీటర్ ఉంటే 110, 120 డిగ్రీల మధ్య చూసుకోండి. ఆకు పచ్చగానే ఉండి, పట్టుకుంటే పెళుసుగా విరగాలి. గోధుమరంగు తిరిగిందంటే దాటిపోయింది, ఆ చేదు ఇక పోదు.

సలాడ్ మీద పోసుకోవడానికైతే చాలామంది ఇంతకంటే తక్కువ వేడిలో, 70, 80 డిగ్రీల్లో ఎక్కువసేపు ఉంచుతారు. వాసన ఇంకొంచెం సున్నితంగా వస్తుంది, ఒప్పుకుంటాను. కానీ ఆకులో నీరు మిగిలిపోతుంది. పాప్‌కార్న్‌కి నేను ఆ కాస్త సున్నితత్వం వదులుకుని పొడిదనం ఎంచుకుంటాను.

దించాక అరగంట అలాగే చల్లారనివ్వండి. చల్లారేటప్పుడే సగం వాసన దిగుతుంది. తర్వాత పలుచని బట్టలో వడకట్టండి. పెళుసుబారిన ఆకులు పారేయకండి. కాగితం మీద వేసి జిడ్డు పీల్చాక చేత్తో నలిపి, మెత్తటి ఉప్పుతో కలిపి పాప్‌కార్న్ మీద చల్లండి. సేజ్, కరివేపాకు ఇలా వేస్తే నూనె కంటే ఈ పొడే బాగుంటుంది. రోజ్‌మేరీ మాత్రం సూదుల్లా గుచ్చుకుంటుంది, మెత్తగా దంచి జల్లెడ పట్టాలి.

మెత్తటి ఆకుల్లో నేను నిలకడగా గెలిచింది ఏమీ లేదు, ముందే చెప్పేస్తున్నా. బేసిల్‌తో మూడుసార్లు దెబ్బతిన్నాను. మొదటిసారి ఆకులు, నూనె మిక్సీలో తిప్పి, బట్టలో వేసి గట్టిగా పిండాను. రంగు అద్భుతం. పోయగానే పాప్‌కార్న్ చూస్తుండగా కుంగిపోయింది. పిండడంతో ఆకు రసమంతా నూనెలోకి వచ్చింది కదా. రెండోసారి వేడిచేస్తే పచ్చటి నూనె బూడిద రంగుకి తిరిగింది. ఇప్పుడు చేసేది ఇది: కప్పు ఆకులు, ముప్పావు కప్పు నూనె మిక్సీలో నిమిషం పాటు తిప్పడం, గిన్నెలో పోసి మధ్యస్థ మంట మీద కలుపుతూ ఉండటం, బుడగలు బాగా తగ్గి ఆకు ముద్ద, నూనె విడిపోతుండగానే దించడం, వెంటనే ఐసు నీళ్లలో కూర్చోబెట్టిన గిన్నెలోకి బట్ట ద్వారా దానంతటదే కారనివ్వడం. పిండొద్దు. అరగంటలో పైన పచ్చటి నూనె, అడుగున ఏమైనా ఉంటే బొట్టు నీరు విడిపోతాయి. పై నూనె మాత్రమే నెమ్మదిగా వంచుకోండి, అడుగుది ఆశపడకండి. కొత్తిమీర ఈ పద్ధతిలో బాగా వస్తుంది. పుదీనా సగం సగం. మొదటిసారి చేసేవాళ్లు మెత్తటి ఆకుల జోలికి పోకుండా థైమ్‌తో మొదలుపెట్టడం మేలు.

ఎండు ఆకులు అన్నిటికంటే సులువు, కానీ ఓపిక కావాలి. అర కప్పు నూనెని వేలు పెట్టలేనంత వేడి, కానీ పొగ ఛాయ కూడా లేనంత వరకు కాచి, స్టవ్ కట్టేసి, రెండు చిన్న చెంచాల ఎండు థైమ్ లేదా ఒరెగానో వేసి, మూతపెట్టి మర్నాటిదాకా వదిలేయడం. వేసీ వేయగానే చర్రుమని నల్లబడితే నూనె ఎక్కువ వేడెక్కిందన్నమాట, మళ్లీ మొదలుపెట్టుకోవాలి. ఎండు ఆకుకి పది సెకన్లు చాలు మాడటానికి.

ఇక పేల్చడం

ఈ భాగం మీకు వచ్చు కాబట్టి తొందరగా వెళ్తాను. నాలుగైదు లీటర్ల, అడుగు మందంగా ఉన్న గిన్నె. మూడో వంతు కప్పు గింజలు, అంటే ఇంచుమించు 70 గ్రాములు. రెండు పెద్ద చెంచాల నూనె. నూనెలో మూడు గింజలు వేసి మూతపెట్టండి. మూడూ పేలాక మిగతా గింజలన్నీ వేసి, గిన్నెని స్టవ్ మీంచి దించి ముప్పై లెక్కపెట్టండి. చాలామంది ఈ అడుగు చాదస్తం అనుకుని వదిలేస్తారు. దీనివల్ల గింజలన్నీ ఒకే వేడికి వచ్చి, మళ్లీ స్టవ్ మీద పెట్టగానే దాదాపు అన్నీ కలిసి పేలతాయి. లేకపోతే ముందు పేలినవి అడుగున మాడుతుంటే, వెనకవి ఇంకా పేలకుండానే ఉంటాయి. మళ్లీ పెట్టాక మధ్యస్థ మంట, మూత కొద్దిగా సందుగా, గిన్నె అప్పుడప్పుడు ఊపుతూ. చప్పుడుకీ చప్పుడుకీ మధ్య రెండు సెకన్లు వచ్చిందంటే కట్టేయండి. ఆఖరి నాలుగు గింజల కోసం ఆగితే నలభై మాడతాయి.

ఆ గిన్నెలోనే ఆకుల నూనె పోయకండి. అడుగు ఇంకా 200 డిగ్రీల దగ్గరుంటుంది, మళ్లీ మొదటి కథే. మీ దగ్గరున్న అన్నిటికంటే వెడల్పాటి గిన్నెలోకి గుమ్మరించి, ఒక నిమిషం ఊరికే వదిలేయండి. మిగిలిన ఆవిరి పోవాలి. ఈ ఒక్క నిమిషమే చాలామంది ఆగలేరు. కౌంటర్‌లో నేనూ ఆగలేకపోయేవాణ్ణి, ముందు క్యూ ఉండేది కదా.

ఎంత నూనె, ఎలా కలపాలి

70 గ్రాముల గింజల పాప్‌కార్న్‌కి ఒక పెద్ద చెంచా, మహా అయితే ఒకటిన్నర. అంతకుమించితే నీరు లేకపోయినా జిడ్డోడుతుంది. ధారగా ఒకేచోట పోస్తే పది పువ్వులు తాగేస్తాయి, మిగతావాటికి వాసన కూడా అంటదు. నూనె గోరువెచ్చగా ఉంటే పల్చబడి బాగా పరుచుకుంటుంది. ఒక చేత్తో చెంచా నుంచి సన్నగా గిన్నె అంచుల చుట్టూ జారవిడుస్తూ, ఇంకో చేత్తో పాప్‌కార్న్‌ని కిందనుంచి పైకి ఎగరేయండి. మూడు విడతలుగా. స్ప్రే సీసా ఉంటే ఇంకా సుఖం, అయితే వాడిన ప్రతిసారీ ఖాళీ చేసి కడిగి పూర్తిగా ఆరబెట్టాలి.

ఉప్పు నూనెలో కరగదు. స్ఫటికంలా ఉన్న ఉప్పు పువ్వు మీంచి జారి గిన్నె అడుక్కి చేరుతుంది, ఆఖరున తినేవాడికి ఉప్పు బావి దొరుకుతుంది. మిక్సీలో పొడి ఉప్పుని ఇంకా మెత్తగా, పౌడర్‌లా తిప్పి పెట్టుకోండి. ముందు నూనె, వెంటనే ఉప్పు. నూనె పూత మీద ఆ పొడి అతుక్కుంటుంది. అర చిన్న చెంచాతో మొదలుపెట్టి రుచి చూసుకోండి. మెత్తటి ఉప్పు తక్కువే వేసినా నాలుకకి ఎక్కువ తెలుస్తుంది.

మీరు కోరుకున్న వెల్లుల్లి రుచి కూడా ఇక్కడే తేవాలి. నూనెలో కాదు, ఉప్పులో. ఎండు వెల్లుల్లి పొడి పావు చెంచా ఆ ఉప్పులో కలిపి చల్లండి. మాడదు, తడి ఉండదు, ఇప్పుడు చెప్పబోయే ప్రమాదం కూడా ఉండదు.

సీసా ఎందుకు పారబోయమన్నాను

మట్టిలో క్లాస్ట్రీడియం బాట్యులినం అనే బాక్టీరియా బీజాలు ఉంటాయి. నేలలో పెరిగే వెల్లుల్లికి, ఆకులకి అవి అంటుకుని ఉండొచ్చు. మామూలుగా ఏ హానీ చేయవు, ఎందుకంటే గాలి తగిలేచోట అవి ఎదగవు. వాటికి కావలసినవి గాలి లేని చోటు, కాస్త తడి, పులుపు లేకపోవడం, గది వేడి. నూనెలో మునిగిన వెల్లుల్లి రెబ్బ సరిగ్గా ఈ నాలుగూ అమర్చి పెడుతుంది. అక్కడ మేలుకుని విషం తయారుచేస్తాయి. ఆ విషం నరాల్ని పట్టేస్తుంది, ఊపిరి కండరాల దాకా వెళ్తే ప్రాణం మీదికి వస్తుంది. నూనెకి రంగు మారదు, వాసన మారదు.

ఇది కాగితం మీది భయం కాదు. 1985లో కెనడాలోని వాంకూవర్‌లో ఒక రెస్టారెంట్‌లో, ఫ్రిజ్‌లో పెట్టకుండా బయట ఉంచిన వెల్లుల్లి నూనె వల్ల 36 మందికి ఈ విషంతో వచ్చే జబ్బు, బాట్యులిజం వచ్చింది. 1989లో అమెరికాలో న్యూయార్క్ రాష్ట్రంలో మళ్లీ వెల్లుల్లి నూనెతోనే ముగ్గురు జబ్బుపడ్డారు. ఆ తర్వాత అక్కడి ప్రభుత్వం, సీసాల్లో అమ్మే వెల్లుల్లి నూనెల్లో పులుపు పదార్థం కలపాల్సిందేనని పట్టుబట్టింది. కాబట్టి దుకాణంలో సీసాలు నెలల తరబడి ఉంటున్నాయి కదా అని ఇంటి సీసాతో పోల్చుకోవద్దు.

"నూనె కాచాను కదా, చచ్చిపోవా?" అని అడుగుతారని తెలుసు. బాక్టీరియా చస్తుంది, బీజాలు చావవు. మరిగే నీటి వేడికి కూడా అవి బతుకుతాయి. వాటిని నమ్మకంగా చంపడానికి డబ్బా ఆహార పరిశ్రమలో ఒత్తిడితో కూడిన ఆవిరిలో 121 డిగ్రీలు వాడతారు. తడి లేని నూనెలో ఆ వేడి చాలదు, అక్కడ అవి ఇంకా మొండిగా ఉంటాయి. బుడగలు ఆగేదాకా కాచమని నేను పైన చెప్పింది పాప్‌కార్న్ కరకరలాడటం కోసం, భద్రత కోసం కాదు. ఆ రెండూ కలిపేసుకోవద్దు.

మా కౌంటర్ మీద కూడా ఒకప్పుడు వెల్లుల్లి, రోజ్‌మేరీ రెమ్మలు మునిగి కనబడే అందమైన గాజు సీసా ఉండేది. మెషిన్ పక్కనే, వెచ్చగా, రెండు వారాలపాటు. నాకు వంట నేర్పిన పెద్దాయన ఒకరోజు వచ్చి చూసి, ఒక్క మాట మాట్లాడకుండా తీసుకెళ్లి పారబోశారు. ఎవరికీ ఏమీ కాలేదు, అదృష్టం. ఇప్పటికీ ఎక్కడైనా అలాంటి సీసా అలంకారంగా కనబడితే నాకు చేతులు దురదపెడతాయి.

నేను పాటించేవి ఇవి. పచ్చి ఆకు లేదా పచ్చి వెల్లుల్లి తగిలిన నూనె ఏదైనా వడకట్టి, చల్లారగానే ఫ్రిజ్‌లో పెట్టి, నాలుగు రోజుల్లో వాడేయాలి. మిగిలితే పారబోయాలి. ఎక్కువ చేసుకోవాలంటే ఐసు ట్రేలో పోసి ఫ్రీజర్‌లో గడ్డకట్టించుకోండి. ఒక్కో గడిలో ఒక పెద్ద చెంచా చొప్పున పోస్తే ఒక గడ్డ ఒక వాయి పాప్‌కార్న్‌కి సరిగ్గా సరిపోతుంది. రెండు మూడు నెలలు బాగుంటుంది. పూర్తిగా ఎండిన ఆకుతో చేసిన నూనెలో తడి లేదు కాబట్టి ఆ బీజాలు ఎదగలేవు. దాన్ని బయట చీకటి అరలో ఉంచుకోవచ్చు, తడి చెంచా మాత్రం ముంచకూడదు. నెల దాటితే పాత నూనె వాసన మొదలవుతుంది కాబట్టి కొద్దికొద్దిగానే చేసుకోండి. ఆకులకి సిట్రిక్ యాసిడ్ పట్టించి నిలవ చేసే పద్ధతి కూడా ఒకటుంది, కొలతలు తూచా తప్పకుండా పాటించాలి. ఒక గిన్నె పాప్‌కార్న్ కోసం అంత శ్రమ దేనికి అని నేను ఆ జోలికి పోలేదు.

ఫ్రిజ్‌లో ఆలివ్ నూనె పేరుకుంటే కంగారుపడకండి, బయట పది నిమిషాలు పెడితే కరుగుతుంది. కొబ్బరి నూనెతో ఆకుల నూనె చేయొద్దని చెప్పేదీ ఇందుకే. 24 డిగ్రీల కంటే చల్లబడితే అది గడ్డకడుతుంది, చల్లారిన పాప్‌కార్న్ మీద మైనంలా నోటికి తగులుతుంది. పేల్చడానికి భేషైనది పైన పోయడానికి పనికిరాదు.

ఏ ఆకు ఏ నూనెతో అంటే, నాకు బాగా కుదిరినవి రెండే చెబుతాను. సేజ్‌ని నెయ్యిలో కాచి, పెళుసు ఆకు నలిపి చల్లితే ఇంట్లో ఎవరూ గిన్నె వదలరు. థైమ్ ఆలివ్ నూనెలో, ఉప్పులో ఎండబెట్టిన నిమ్మతొక్క పొడి కలిపితే రెండోది. నిమ్మరసం కాదు సుమా, తొక్క పొడి. రసం అంటే మళ్లీ నీరే. మీ రోజ్‌మేరీ కూడా మంచిదే, అయితే ఘాటు ఎక్కువ. పక్కన రెండు థైమ్ రెమ్మలు వేసి రోజ్‌మేరీ సగానికి తగ్గిస్తే మందు వాసన రాదు.

గిన్నె అడుగున పేలని గింజలు గుప్పెడు మిగులుతున్నాయని కూడా రాశారు కదా, దానికి నూనెతో సంబంధం లేదు. గింజలు ఎండిపోయి ఉంటాయి. డబ్బా మూత వదులుగా ఉన్నా, ఫ్రిజ్‌లో పెట్టినా ఆ 14 శాతం తడి తగ్గిపోతుంది. మూడు కప్పుల గింజలకి ఒక పెద్ద చెంచా నీళ్లు వేసి, గాలి చొరని సీసాలో మూత బిగించి, మొదటి గంటలో నాలుగైదుసార్లు, తర్వాత రోజుకి రెండుసార్లు గిలకొట్టండి. మూడో రోజు పది గింజలు వేయించి చూడండి. తొమ్మిది పేలితే గింజలు బాగుపడ్డట్టే, ఆరు కూడా పేలకపోతే ఆ పొట్లం మార్చేయండి.